పంటతో పాటు నడిచిన కెమెరా

ఆగస్టులో చేను చూసి పత్తి దిగుబడి చెప్పేవాడి మాట పల్నాటి నాదెండ్లలో ఎవరూ పట్టించుకోరు. నల్లరేగడిలో అప్పటికి మొక్క నడుమెత్తుకు వస్తుంది, ఆకు నిగనిగలాడుతుంది, గూడ కట్టడం మొదలవుతుంది. ఆ రోజున గట్టు మీద నిలబడ్డ రైతును పంట ఎలా ఉందని అడిగితే బాగుందనే అంటాడు. అది అబద్ధం కాదు, ఆ నెలకు అది నిజమే. అక్టోబరులో అడిగితే పురుగు గురించి చెబుతాడు. చివరి తీత అయిపోయి, కాటా వేసి, పురుగుమందుల కొట్లో పద్దు తీర్చి, కౌలు కట్టి, మిగిలింది లెక్క చూసుకున్నాక మార్చిలో అడిగితే అప్పుడు అసలు మాట వస్తుంది. పత్తి మీద డాక్యుమెంటరీ తీయాలనుకునేవాళ్లకు ఇంతకంటే పెద్ద పాఠం ఏ ఫిల్మ్ స్కూలూ చెప్పదు. ఈ పాఠాన్ని చిత్ర నిర్మాణంగా మార్చి చూపించినవాళ్లు ఫిల్మ్ స్కూలు మాట అటుంచి, చాలామంది పలక కూడా పట్టనివారు. జహీరాబాద్ దగ్గరి పస్తాపూర్ కేంద్రంగా పనిచేసే దక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ సంఘాల ఆడవాళ్లు. ఎక్కువమంది దళితులు, చిన్నకారు రైతులు, కూలికి వెళ్లినవారు.

వాళ్లు తీసిన సినిమాల్లో నేను పదేపదే తలుచుకునేది 2003లో వచ్చినది. వరంగల్ రైతులకు బీటీ పత్తి మీద ఎందుకింత కోపం అని దాని పేరే ఒక ప్రశ్న. నాదెండ్ల వైపు వాళ్లకు వరంగల్ దూరపు ఊరేమీ కాదు. గుంటూరు జిల్లా నుంచి భూములు వెతుక్కుంటూ పోయిన పత్తి రైతులు వరంగల్, ఆదిలాబాద్, కర్నూలు జిల్లాల్లో స్థిరపడి, తమతో పాటు వాణిజ్య పత్తి సేద్యాన్నీ తీసుకుపోయారు. 1980ల చివర తెల్లదోమ గుంటూరు, ప్రకాశం రైతులను నేలకరిపించింది. పదేళ్లు తిరిగేసరికి, 1997–98లో, పురుగు, అప్పు కలిసి వరంగల్‌లో ఇళ్లకు ఇళ్లను కూల్చాయి. ఒకే పంట, ఒకే రకం అప్పు, ఒకే తరహా చావు. అందుకని ఆ సినిమాలో ఎవరైనా గట్టు మీద కూర్చుని పురుగుమందు ఖర్చు చెబుతుంటే పల్నాటి రైతుకు వివరణ అక్కర్లేదు.

సందర్భం తెలిసిందే. 2002 మార్చి 26న కేంద్రంలోని జన్యు ఇంజనీరింగ్ అనుమతుల కమిటీ మహికో–మోన్‌శాంటో వారి మూడు బీటీ హైబ్రిడ్లకు అనుమతి ఇచ్చింది. మెక్–12, మెక్–162, మెక్–184. 450 గ్రాముల ప్యాకెట్ ధర 1,600 రూపాయలు. మామూలు హైబ్రిడ్ విత్తనం అప్పటికి 450 రూపాయల దగ్గర దొరుకుతోంది. కాయతొలుచు పురుగు దరిచేరదని, మందు ఖర్చు తగ్గుతుందని ప్రచారం. పురుగుతో పదేళ్లు విసిగిన రైతు మూడున్నర రెట్లు పోసి కొన్నాడు. అతని ఆశలో తప్పు పట్టడానికేమీ లేదు. ఆ ఆశ దగ్గరే పస్తాపూర్ ఆడవాళ్లు కెమెరా తెరిచారు.

ఆ సినిమాలో పనితనం ఎక్కడుందని నన్నడిగితే ముందుగా కాలం దగ్గర ఉందంటాను. వాళ్లు పంట పోయాక వెళ్లలేదు. 2002 సీజను పొడుగునా, నెల తరువాత నెల, మళ్లీ మళ్లీ రైతుల దగ్గరికి వెళ్లారు. చెప్పడానికి చిన్న మాట. చేయడానికి ఎంత కష్టమో షూటింగులు తెలిసినవారికి తెలుసు. టీవీ బృందం ఒక రోజు వస్తుంది, నలుగురి నోట నాలుగు ముక్కలు పట్టుకుని సాయంత్రానికి వెళ్లిపోతుంది. పంట పోయిందన్న కబురు అందాకే వస్తుంది కాబట్టి, దానికి దొరికేది రైతు జ్ఞాపకం మాత్రమే. ఆ జ్ఞాపకంలో అప్పటికే కోపం కలిసిపోయి ఉంటుంది. విత్తిన రోజుల్లో తానెంత నమ్మాడో రైతు కూడా మరిచిపోయి ఉంటాడు, కొన్నిసార్లు మరిచిపోవాలనే అనుకుంటాడు. కంపెనీవాళ్లు కూడా ఆ సందులోనే వాదిస్తారు. రైతు సరిగా చేయలేదు, వాన సరిగా పడలేదు, ఇప్పుడు అందరూ ఏదో ఒకటి అంటున్నారని. సీజను మొదట్లో అతను ఆశపడ్డప్పుడే ఆ ఆశను పట్టి ఉంచితే ఈ వాదానికి చోటు మిగలదు. మార్చిలో కోపంగా మాట్లాడే రైతు పుట్టుకతో ఆ విత్తనానికి శత్రువు కాదని, మొదట దాన్ని నమ్మినవాడేనని చూసేవాడికి అర్థమవుతుంది. కోపానికి వయసు ఎంతో, అది ఏ నెలలో మొలిచిందో తెలుస్తుంది. కథకు మలుపులు పెట్టాల్సిన పని పంటే చేసిపెట్టింది. పూత, కాయ, తీత, కాటా. స్క్రిప్టు రాయడం రానివాళ్లకు ఇది సులువైన దారి అని ఎవరైనా అనొచ్చు. నాకు మాత్రం ఇది రైతు బుర్రలో ఏడాది ఎలా నడుస్తుందో తెలిసినవాళ్లు ఎంచుకున్న దారిగా కనిపిస్తుంది. స్క్రిప్టు రాయడం వచ్చినవాళ్లలో ఎంతమందికి ఇది తడుతుంది?

రెండో సంగతి కెమెరా ఎత్తు. ఈ ఆడవాళ్ల గురించి బయట లోకం ఎక్కువగా చెప్పుకున్నది దీని గురించే. అయినా దాన్ని ఒక ముచ్చటగా చెప్పి వదిలేస్తారు కాబట్టి కొంచెం నిలబడి చూడాలి. శిక్షణలో హై యాంగిల్, లో యాంగిల్, ఐ లెవెల్ అని చెబితే వాళ్లు తమ బతుకులోంచి పేర్లు పెట్టుకున్నారు. పైనుంచి కిందికి చూస్తే పటేల్ షాట్. అరుగు మీద కుర్చీ వేసుకున్న దొర కింద నిలబడ్డ కూలిని చూసే తీరు అది. కింద నుంచి పైకి చూసే దానికి జీతగాడి పేరు పెట్టారు, నేల మీద కూర్చుని అతను దొర ముఖం చూస్తాడు కనుక. కళ్లకు సమానంగా ఉంటే సంఘం షాట్. సంఘంలో అందరూ ఒకే చాప మీద కూర్చుంటారు, ఒకరి కళ్లు ఒకరికి అందుతాయి. తమ సినిమాల్లో మనుషులతో మాట్లాడేటప్పుడు ఈ మూడో షాటే వాడాలని వాళ్లు నియమం పెట్టుకున్నారు.

ఈ నియమాన్ని పాటిస్తే షూటింగులో ఏమవుతుందో ఊహించండి. గట్టు మీద కూర్చున్న రైతును ఐ లెవెల్‌లో తీయాలంటే తీసేవాళ్లు కూడా మట్టిలో కూర్చోవాలి. పత్తి తీసే కూలీలు రోజంతా వంగే ఉంటారు. వాళ్ల ముఖం పట్టాలంటే కెమెరా కూడా మొక్కల మధ్య వంగాలి. నిలబడి, ట్రైపాడ్ బిగించి, జూమ్ చేసి దొంగచూపులా పట్టుకొచ్చే బొమ్మ ఈ పద్ధతిలో పుట్టదు. ముందు ఆ మనిషి పక్కన చోటు సంపాదించాలి. చోటు సంపాదించాలంటే మాట్లాడాలి, మాట్లాడాలంటే ఆ పని తెలిసి ఉండాలి. ఎత్తు విషయంలో పెట్టుకున్న ఒక్క నియమం మిగతా మర్యాదలన్నిటినీ తనంత తాను వెంట తెచ్చుకుంటుంది. పరిశ్రమలో ఏళ్ల తరబడి పనిచేసిన కెమెరామెన్ కూడా షాట్‌ను ముందు అందం కోసం చూస్తారు. ఇక్కడ షాట్‌ను ముందు న్యాయం కోసం చూశారు, అందం దాని వెనకే వచ్చింది.

ఇంటర్వ్యూలో ఇంకో బలం ఉంది. పస్తాపూర్ ఆడవాళ్లు పత్తి రైతులు కారు. జహీరాబాద్ ఎర్ర నేలల్లో వానాధారం మీద జొన్న, సజ్జ, కొర్ర, కంది, పప్పుధాన్యాలు కలిపి ఒకే చెలకలో వేసుకునేవాళ్లు. విత్తనం ఇంట్లోనే, బుట్టల్లో, బూడిద కలిపి దాచుకునేవాళ్లు. విత్తనానికి 1,600 పెట్టడం వాళ్లకు వింత. ఆ వింతే మంచి ప్రశ్నలు పుట్టిస్తుంది. వ్యవసాయ అధికారి అడగని ప్రశ్న, విలేకరికి తట్టని ప్రశ్న, చెలక ఉన్న ఇంకో ఆడమనిషి అడుగుతుంది. విత్తనం ఎంత పోశావు, ఎన్ని సాళ్లు మొలిచాయి, కట్టె పశువు తింటుందా, మళ్లీ ఏడాదికి గింజ మిగులుతుందా. రైతు కూడా ఆమె ముందు తలెత్తి మాట్లాడతాడు. చదువుకున్నవాడి దగ్గర లెక్క తప్పుతుందేమోనని సందేహించేవాడు, తనలాంటి మనిషి ముందు లెక్క గడగడా అప్పజెబుతాడు.

ఈ పని వెనక తెర మీద కనిపించని ఒక మనిషి ఉన్నాడు. పెరియపట్న వెంకటసుబ్బయ్య సతీష్. 1945లో మైసూరులో పుట్టారు. ఢిల్లీలో ఇండియన్ ఇన్‌స్టిట్యూట్ ఆఫ్ మాస్ కమ్యూనికేషన్‌లో చదివారు, పాత్రికేయుడిగా మొదలై దూరదర్శన్‌లో దాదాపు రెండు దశాబ్దాలు ప్రొడ్యూసర్‌గా చేశారు. 1975–76లో ఉపగ్రహం ద్వారా ఆరు రాష్ట్రాల్లోని 2,400 పల్లెలకు టీవీ చూపించిన సైట్ ప్రయోగంలో ఆయన ముఖ్యమైన పాత్ర పోషించారు. ఆంధ్రప్రదేశ్ పల్లెల కోసం కార్యక్రమాలు తయారుచేశారు. 1983లో కొందరు మిత్రులతో కలిసి దక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ పెట్టారు. పల్లెకు టీవీ తీసుకుపోయిన పెద్ద ప్రయోగంలో పనిచేసిన మనిషి, పల్లె చేత టీవీ తీయించే పనికి మళ్లాడు. ఈ మళ్లింపు నాకు చాలా గొప్పదిగా కనిపిస్తుంది. తన చేతిలో కెమెరా ఉంది, నైపుణ్యం ఉంది, పేరుంది. ఆయనే తీసి ఉంటే బహుశా ఇంకా నున్నటి సినిమాలు వచ్చేవి. ఆయన వాటిని వదులుకున్నారు. 1990ల రెండో సగంలో సంఘాల ఆడవాళ్లకు వీడియో నేర్పించడం మొదలైంది. 2001లో వాళ్ల కోసమే కమ్యూనిటీ మీడియా ట్రస్ట్ ఏర్పడింది. ఆ సినిమాల మీద కర్తగా ఉండే పేరు ఆ ట్రస్ట్‌దే.

చదవడం రాని మనిషికి కెమెరా నేర్పడంలో సతీష్ పట్టుకున్న కీలకం ఒకటుంది. వీడియోను ఆయన చదువుకు మారుగా చూశారు. అక్షరం రానివాళ్లకు లోకంతో మాట్లాడడానికి మనం ముందు అక్షరం నేర్పాలని చూస్తాం, అది వచ్చేదాకా వాళ్లను వెయిటింగులో ఉంచుతాం. ఆయన ఆ వెయిటింగు అక్కర్లేదన్నారు. చూపు, మాట, చేయి ఉన్నాయి, వాటితో పని మొదలుపెట్టవచ్చు. విత్తనం నాణ్యత అరచేతిలో పోసుకుని చెప్పగల మనిషికి ఫోకస్ పడిందో లేదో చెప్పడం రాదా? షూటింగే కాదు, ఎడిటింగు కూడా వాళ్లు చేశారు. మాటను ఎక్కడ కోయాలో తెలియడం చదువుతో సంబంధం లేని విద్య. ఊరి పంచాయితీల్లో, సంఘం మీటింగుల్లో ఎవరి మాట ఎక్కడ ముగిసిందో, ఎవరు మాట దాటేస్తున్నారో ఏళ్ల తరబడి విన్న చెవులకు ఆ విద్య ముందే వచ్చి ఉంటుంది.

ఆ బృందంలో హుమ్నాపూర్ లక్ష్మమ్మ, చిన్న నర్సమ్మ, చిల్కపల్లి అనసూయమ్మ లాంటివారి పేర్లు బయట పత్రికల్లో వచ్చాయి. ఊరి పేరే ఇంటిపేరులా మోసుకుంటూ తిరిగిన పేర్లు. విదేశాల్లో తమ సినిమాలు చూపించి, మాట్లాడి వచ్చినవారు వీళ్లలో ఉన్నారు. వరంగల్ సినిమాతో వాళ్లు ఆగలేదు. 2005లో మూడేళ్ల అనుభవం మీద మరో సినిమా తీశారు. తరువాత దక్షిణార్ధ దేశాల పత్తి రైతుల మీద, ఆఫ్రికా, ఆసియా అనుభవాలు కలిపి ఇంకొకటి చేశారు. ఒక సీజనుతో తేలదని తెలిసినవాళ్లు, ఒక సినిమాతోనూ తేలదని అనుకోవడంలో ఆశ్చర్యం లేదు.

ప్రపంచంలో ఈ దారి వీళ్లతోనే మొదలు కాలేదు. 1967లో కెనడా జాతీయ ఫిల్మ్ బోర్డు తరఫున కాలిన్ లో ఫోగో దీవిలో చేపలు పట్టేవాళ్లతో చిత్రాలు తీసి, తీసినవి ముందు వాళ్లకే చూపించి, వాళ్ల అంగీకారం తీసుకున్నారు. అహ్మదాబాద్‌లో ‘సేవా’ అనే మహిళల సంస్థ 1984లో మార్తా స్టూవర్ట్ శిక్షణతో కూరగాయలు అమ్మే ఆడవాళ్ల చేతికి వీడియో ఇచ్చింది. మన దగ్గర బి.నర్సింగ్ రావు 1987లో ‘మా ఊరు’ తీశారు, అది ఒక గొప్ప దర్శకుడు తన పల్లెను చూసిన చూపు. పస్తాపూర్ సినిమాల్లో పల్లె తనను తాను చూసుకుంది. ఫోగో, ‘సేవా’ ప్రయోగాల నుంచీ కూడా ఇవి ఒక అడుగు అవతలికి పోయాయి. సొంత ఊరి గోడు చెప్పుకోవడం వరకే ఆగక, పరాయి జిల్లాకు వెళ్లి, పరాయి పంట మీద, ఒక బహుళజాతి కంపెనీ చెప్పేదాన్ని పొలంలో పరీక్షకు పెట్టాయి. పరిశోధన అనే పని ఎవరిదన్న సరిహద్దును అవి దాటాయి.

ఆ పరిశోధనకు అంకెల వెన్ను కూడా ఉంది. వ్యవసాయ శాఖలో జాయింట్ డైరెక్టర్‌గా చేసిన డాక్టర్ అబ్దుల్ ఖయ్యూం, కిరణ్ సక్కరి అదే సీజనులో వరంగల్ రైతుల ఖర్చు, రాబడి లెక్కలు తీశారు. వాళ్ల లెక్కలో ఎకరాకు బీటీ వేసినవారికి సగటున 1,295 రూపాయల నష్టం, మామూలు పత్తి వేసినవారికి 5,368 రూపాయల మిగులు. సినిమా వచ్చిన 2003లోనే, ఫిబ్రవరిలో, ‘సైన్స్’ పత్రికలో మార్టిన్ కైమ్, డేవిడ్ జిల్బర్‌మన్ రాసిన వ్యాసం వచ్చింది. 2001 నాటి ప్రయోగ క్షేత్రాల ఆధారంగా బీటీ దిగుబడి సగటున 80 శాతం ఎక్కువని అది చెప్పింది. ఒకే ఏడాదిలో రెండు చిత్రాలు. ఒకటి ప్రయోగ క్షేత్రం నుంచి, ఇంకోటి అప్పు తెచ్చి విత్తిన చేను నుంచి. 2005 మేలో అనుమతుల కమిటీ ఆంధ్రప్రదేశ్‌లో ఆ మూడు మెక్ రకాలకు అనుమతి పొడిగించలేదు. 2006లో రాష్ట్ర ప్రభుత్వం కేసు వేసి పోరాడాక బీటీ విత్తనం ప్యాకెట్ ధర 750 రూపాయలకు దిగింది. నాదెండ్ల మండలంలోని గణపవరం మిల్లుల దాకా పత్తి తోలుకునే రైతులందరి జేబుకూ తగిలిన మార్పు అది.

ఇక్కడ ఒక మాట నిజాయితీగా చెప్పుకోవాలి. ఈ సంస్థ జన్యుమార్పిడి పంటలకు మొదటి నుంచీ వ్యతిరేకి. సినిమా చూసేటప్పుడు దాన్ని గుర్తుంచుకోవడం చూసేవాడి బాధ్యత. ఆ తరువాతి కాలంలో ఇతర బీటీ రకాలు వచ్చాయి. పదేళ్లు గడిచేసరికి దేశంలో పత్తి విస్తీర్ణంలో తొంభై శాతానికి పైగా బీటీయే అయింది. రైతులే కొన్నారు, ఎవరూ బలవంతంగా అంటగట్టలేదని అటువైపువాళ్లు అంటారు. ఆపైన గులాబీ రంగు పురుగు తిరిగి వచ్చింది, మందు డబ్బాలు తిరిగి వచ్చాయి. ఈ మొత్తం చరిత్రను 2003 నాటి సినిమా ముందే చెప్పిందని నేననను. ఒక సీజనులో, తొలి బీటీ రకాల మీద, కొన్ని ఊళ్లలో జరిగినదాన్ని అది నమ్మకంగా పట్టుకుంది. మంచి డాక్యుమెంటరీ తనకు తెలిసిన చేను గట్లు దాటదు. దాటకపోవడం వల్లే ఇరవై ఏళ్ల తరువాత కూడా దాన్ని సాక్ష్యంగా వాడుకోగలుగుతున్నాం.

ఈ ఆడవాళ్ల రేడియో గురించి ఇక్కడ ఎక్కువ చెప్పను, అది వేరే వ్యాసం. జహీరాబాద్ దగ్గరి మాచనూరులో 2008 అక్టోబర్ 15న మొదలైన సంఘం రేడియోను జస్టిస్ పి.బి.సావంత్ ప్రారంభించారు. గాలి తరంగాలు ప్రజల ఆస్తి అని 1995లో తీర్పు చెప్పిన ధర్మాసనానికి నాయకత్వం వహించినది ఆయనే. అంతకు ముందు ప్రసారానికి అనుమతి లేని ఏళ్లలో ఈ ఆడవాళ్లు కార్యక్రమాలు రికార్డు చేసి, టేప్ రికార్డర్ మోసుకుపోయి సంఘం మీటింగుల్లో వినిపించారు. ఆ ఓపిక వీడియోలో కూడా కనిపిస్తుంది. లైసెన్సు వచ్చేదాకా పని ఆపనివాళ్లకు పంట చేతికొచ్చేదాకా షూటింగు ఆపకపోవడం సహజం.

సతీష్ 2023 మార్చి 19న కన్నుమూశారు. ఆయన గురించి వచ్చిన నివాళుల్లో ఎక్కువ భాగం చిరుధాన్యాల గురించే ఉంది, 2019లో సంఘాలకు దక్కిన ఈక్వేటర్ ప్రైజ్ గురించి ఉంది. అవన్నీ న్యాయమే. ఒక సినిమా మనిషిగా ఆయన్ను తలుచుకున్నవారు తక్కువ. నా లెక్కలో తెలుగు నేల మీద పనిచేసిన డాక్యుమెంటరీ మనుషుల్లో ఆయన ముందు వరసలో ఉంటారు. తీసిన సినిమాల వల్ల వచ్చిన స్థానం కాదది. తాను పక్కకు జరిగి, తాను తీయగలిగిన దానికంటే వేరే రకం సినిమాకు చోటు ఇచ్చినందుకు వచ్చింది. ఆ పక్కకు జరగడం కూడా వట్టి ఉదారత కాదు, సాంకేతిక నిర్ణయం. ఆ ప్రశ్నలు ఆయన అడిగితే వరంగల్ రైతు ఆ జవాబులు చెప్పేవాడు కాదు. పటేల్ షాట్‌కు ఆ పేరు పెట్టడం ఆయన వల్ల అయ్యేది కాదు.

నాదెండ్ల మండలంలో ఎవరైనా ఇలాంటి పని తలపెడితే కావలసినవి పెద్దగా ఏమీ లేవు. ఇప్పుడు ప్రతి చేతిలో ఉన్న ఫోను, పస్తాపూర్ ఆడవాళ్లు మొదలుపెట్టిన రోజుల్లో వాళ్ల చేతికి వచ్చిన కెమెరా కంటే మెరుగైన బొమ్మ ఇస్తుంది. మొదలు పెట్టాల్సింది జూన్‌లో, విత్తనం కొట్టు దగ్గర, ప్యాకెట్ మీద పేరు, బిల్లు కెమెరాలో పడేలా. భూమి ఉన్న రైతుతో పాటు కౌలుకు చేసే రైతు ఒకరు, పత్తి తీతకు వెళ్లే ఆడవాళ్లు ఇద్దరు ముగ్గురు ఉండాలి. ప్రశ్నలు అడిగేది వాళ్లలోనే ఒకరైతే ఇంకా మంచిది. గులాబీ రంగు పురుగు పువ్వులోకి దూరే రోజుల్లో ఒకసారి, మొదటి తీతకు ఒకసారి, కాటా దగ్గర ఒకసారి, కౌలు లెక్క తేలే నెలలో ఒకసారి అవే మనుషుల దగ్గరికి తిరిగి వెళ్లాలి. తీసినది ముందుగా వాళ్లకే, వాళ్ల వీధిలోనే చూపించాలి, వద్దన్న ముక్క తీసేయాలి.